రేవు వీధి అద్దాలు

ఒసనై గెన్‌షిచి పాత కిమొనోల వ్యాపారంలో జుట్టు నెరిసిన మనిషి. గుడ్డని రెండు వేళ్ల మధ్య నలిపి అది ఏ ఊరి నేతో, ఎన్ని ఇళ్లు తిరిగి వచ్చిందో చెప్పేస్తాడు. ఏ సరుకు ఏ అరలో ఉండాలో ఆయనకి తెలిసినంతగా ఆ రేవు ఊళ్లో ఇంకెవరికీ తెలియదు. మేనల్లుణ్ణి మాత్రం ఏ అరలో పెట్టాలో చాలా ఏళ్లదాకా తేలలేదు.

మేనల్లుడి పేరు మికమి రెయ్‌జి. టోక్యోలో ఉంటాడు. కవిత్వం రాస్తాడు, సినిమాలు తీస్తాడు. సినిమా అంటే రేవు వీధికి తెలియని సరుకేం కాదు. కత్తులు, కన్నీళ్లు, ఆఖర్న మంచివాడు గెలవడం. రెయ్‌జి తీసేవి ఆ రకం కావు. ఒకదాంట్లో ఓ విధవరాలు ఇస్త్రీపెట్టె పట్టుకుని ఒడ్డు పొడుగునా అలల్ని ఇస్త్రీ చేసుకుంటూ పోతుంది. అంతే, కథ అయిపోయింది. ఇంకోదానికి హాల్లో కుర్చీలన్నీ వెనక్కి తిప్పించాడు. జనం తెరకి వీపు పెట్టి కూర్చుంటే, ప్రొజెక్టరు వెలుగు వాళ్ల మొహాల మీదే పడింది. దాని గురించి పేపరు వాళ్లు సగం పేజీ రాశారు. విదేశంలో ఎక్కడో పతకం కూడా ఇచ్చారు.

“టికెట్టు కొనుక్కుని వీపు చూపించి వచ్చారా జనం?” అన్నాడు మంగలి నరుమి, గెన్‌షిచి మెడకి తువ్వాలు చుడుతూ. నరుమి అంటే వీధి దుకాణదారుల సంఘానికి పెద్ద. గెన్‌షిచికి చిన్ననాటి నేస్తం. “ఇదేదో నాకూ బాగానే ఉంది. రేపట్నుంచి నేనూ క్షవరం చెయ్యకుండా కత్తెర చప్పుడు వినిపించి పంపిస్తాను.”

“నీ కత్తెరకి పతకం ఎవడిస్తాడోయ్?” అన్నాడు గెన్‌షిచి.

పైకి అలా అన్నాడు గానీ, లోపల ఆయనకీ సందేహమే. లెక్క ఎటు వేసినా కుదిరేది కాదు. వాడి సినిమా ఆడిన హాలు లేదు. పెట్టిన మదుపు తిరిగొచ్చిన దాఖలా లేదు. అయినా ప్రతిసారీ ఎవరో ఒకరు వాడికి కెమెరా ఇస్తారు, ఇంకో సినిమా తీయమంటారు. గిరాకీ లేని సరుకుని కొనేవాళ్లు ఇంతమంది ఎక్కణ్ణుంచి వస్తున్నారో వ్యాపారస్తుడిగా ఆయనకి అంతుపట్టలేదు. ఆ పేపరు ముక్కని మాత్రం జాగ్రత్తగా కత్తిరించి, పట్టు కిమొనోలు పెట్టే కర్పూరంచెక్క బీరువాలో దాచాడు. పురుగు పట్టకూడని వాటినే ఆయన అందులో పెడతాడు.

రెయ్‌జి ఆ ఇంటి పిల్లాడే. తండ్రి యుద్ధంలో ఓడతోపాటు పోయాడు. తల్లి షినో గెన్‌షిచికి చెల్లెలు. దుకాణానికి వచ్చిన పాత కిమొనోల కుట్లు విప్పి, ఉతికి, గంజిపెట్టి, చెక్కలకి పరిచి ఆరేసేది. రెయ్‌జి ఆ చెక్కల నీడల్లో పాకి నడక నేర్చాడు. యుద్ధం చివరి వేసవిలో వాణ్ణి గెన్‌షిచి భార్య మసెతోపాటు ఆపిల్ తోటల పల్లెకి పంపించారు. షినో మాత్రం సరుకు చూసుకోవాలని ఉండిపోయింది. విమానాలు వచ్చాయి. రేవు వీధి ఆ చివరి నుంచి ఈ చివరి దాకా కాలిపోయింది. మంట చల్లారాక గెన్‌షిచి వచ్చి వెతికితే, చేత్తో ఎత్తి తెచ్చుకోవడానికి ఏమీ దొరకలేదు. ఆ వీధిలో సగం ఇళ్ల సంగతి అంతే.

ఆ తర్వాత రెయ్‌జిని గెన్‌షిచే పెంచాడు. వ్యాపారం నేర్పుదామని కిమొనోలకి కాగితం చుట్టే పని అప్పగిస్తే, వాడు ఆ కాగితాల లోపలివైపు కవితలు రాసి చుట్టేవాడు. ఓరోజు చేపల టోకు వ్యాపారి భార్య కోపంగా దుకాణానికి వచ్చింది. ఇంటికెళ్లి విప్పి చూస్తే లోపల రాతలున్నాయట.

“ఏం రాశాడండీ?” అని భయపడుతూ అడిగాడు గెన్‌షిచి.

ఆవిడ కాగితం చూపించింది. “అమ్మ ఆరేసిన గుడ్డకి గాలే ఒళ్లయింది” అని ఉంది. గెన్‌షిచి క్షమించమని నడుం వంచి, వేరే కాగితం చుట్టి ఇస్తానన్నాడు. ఆవిడ కాసేపు గుమ్మంలోనే నిలబడింది. “కిమొనో సంగతి అలా ఉంచండి. ఇలాంటి కాగితం ఇంకోటి ఉంటే ఇస్తారా?” అంది.

అప్పుడే వాడు తన వ్యాపారానికి పనికిరాడని గెన్‌షిచికి తెలిసిపోయింది. కిమొనో కన్నా దాని మీద చుట్టిన కాగితానికి ఎక్కువ గిరాకీ తెచ్చేవాణ్ణి దుకాణంలో ఎవడు పెట్టుకుంటాడు?

ఏళ్లు గడిచాయి. ఒక శరత్కాలంలో టోక్యో నుంచి ఫోను వచ్చింది.

“మావయ్యా, కొత్త సినిమాకి ఆఖరి దృశ్యం ఒకటి మిగిలింది. దానికి రేవు వీధి కావాలి.”

“వచ్చి తీసుకో. వీధి ఎక్కడికీ పోలేదు.”

“వీధి కాదు, వీధిలో మనుషులు. అందరూ. మంచి కిమొనోలు కట్టుకుని దుకాణాల్లోంచి ఒడ్డుదాకా నడవాలి.”

“వేషగాళ్లని పెట్టుకోవచ్చుగదరా.”

“వాళ్లు బాగా నడుస్తారు మావయ్యా. నాకు బాగా నడిచేవాళ్లు వద్దు.”

గెన్‌షిచి గడప గడపకీ తిరిగాడు. ఆయన దుకాణం గుమ్మానికి వేలాడే నీలం తెర మీద తెల్లటి గుండ్రంలో ఆయన తాతగారి అక్షరం ఉంటుంది. కాలిపోయిన వీధిలో మొదట లేచిన తెర అదే. ఆ తెర పేరు చెప్పి ఆయన ఎవర్నీ ఎప్పుడూ ఏమీ అడగలేదు. పరువు అనేది పొదుపుగా వాడుకోవాల్సిన సరుకని ఆయన నమ్మకం. ఆ వారంలో మాత్రం దాచినదంతా బయటికి తీశాడు.

“మమ్మల్ని కోతుల్ని చేసి టోక్యో వాళ్లకి చూపిస్తాడేమో మీవాడు” అన్నాడు నరుమి.

“నవ్వులపాలు చెయ్యనివ్వను. మీకు ఇష్టం లేని పని ఒక్కటి చేయించినా, నా గుమ్మం తెర దించి దుకాణం మూసేస్తాను.”

నరుమి చేతిలో దువ్వెన ఆగింది. ఆ మాట ఎంత బరువైందో ఆ వీధిలో అందరికీ తెలుసు. “సరే, వస్తాం. నీ మొహం చూసి వస్తున్నాం, వాడి పతకం చూసి కాదు” అన్నాడు.

అనుకున్న రోజు పొద్దున్నే వీధంతా దుకాణాల ముందు నిలబడింది. బీరువాల అడుగున ఉన్నవన్నీ పైకి వచ్చాయి. వాటిలో చాలామట్టుకు గెన్‌షిచి చేతి మీదుగా వెళ్లినవే. తోఫు అనే సోయా జున్ను అమ్మే యసు మామ్మ నడుం పూర్తిగా వంగిపోయినా, ముదురు ఊదా రంగు కిమొనో కట్టుకుని కర్ర ఊనుకుంటూ వచ్చింది. రెయ్‌జి తన చిన్న జట్టుతో దిగాడు. సన్నగా, పొడుగ్గా, మెడకి ఎర్ర గుడ్డ చుట్టుకుని ఉన్నాడు. పక్కన సహాయ దర్శకుడు ఇరియె, నల్లకళ్లద్దాలవాడు, మాటిమాటికీ ఆకాశం వైపు చూస్తున్నాడు. అద్దె కెమెరా మర్నాడు టోక్యో చేరాలి. మబ్బు పట్టినా, ముందే మంచు కురిసినా మళ్లీ అవకాశం లేదు.

రెయ్‌జి అందరికీ వంగి నమస్కరించాడు. తర్వాత టీ అడిగినంత మామూలుగా అడిగాడు.

“దయచేసి అందరూ కుడి కొంగు పైకి వచ్చేట్టు కట్టుకోండి.”

కిమొనో ముందు రెండు కొంగుల్ని ఒకదాని మీద ఒకటి వేసి కట్టేటప్పుడు ఎడమది పైన ఉండాలని ఆ దేశంలో పసిపిల్లలకీ తెలుసు. కుడి కొంగు పైకి కట్టేది శవానికి మాత్రమే. తెల్లబట్ట కట్టి, ఆ ఒక్కసారికి తిరగేసి పంపిస్తారు. పొరపాటున పిల్లలెవరైనా అలా కట్టుకుంటే తల్లులు పరిగెత్తుకొచ్చి విప్పుతారు.

“ఏమన్నాడు?” అంది యసు మామ్మ చెవి దగ్గర చెయ్యి పెట్టుకుని.

“మనల్ని చచ్చిపొమ్మంటున్నాడు మామ్మా. కెమెరా రెడీగా ఉందట” అన్నాడు నరుమి. తర్వాత గెన్‌షిచి వైపు తిరిగాడు. గొంతు పెంచలేదు. “ఇదేనా నువ్విచ్చిన మాట?”

ఆయన జవాబు కోసం కూడా ఆగలేదు. ముందు మంగలి దుకాణం తలుపు మూసుకుంది, తర్వాత పక్కది, ఆ తర్వాత దాని పక్కది. కాసేపట్లో వీధిలో జట్టువాళ్లు, వాళ్ల కెమెరా, ఒక కుక్క మిగిలారు.

గెన్‌షిచి మేనల్లుణ్ణి దుకాణంలోకి లాక్కెళ్లాడు.

“ఒరేయ్, కిమొనోల ఇంట్లో పెరిగినవాడివి. ఆ మాట ఎవరితో అంటున్నావో తెలుసా నీకు?”

“తెలిసే అన్నాను మావయ్యా. మా అమ్మకి ఎవరు కట్టారు?”

గెన్‌షిచి ఊహించిన జవాబు కాదది. “ఎవరు కడతార్రా. ఏం మిగిలిందని.”

“మంగలి గారి చిన్నమ్మాయికి? తోఫు మామ్మ కొడుకులకి?”

గెన్‌షిచి చేతికందిన గుడ్డని మడత పెట్టడం మొదలెట్టాడు.

“ఈ వీధి నుంచి కట్టు కట్టకుండానే వెళ్లిపోయినవాళ్లు చాలామంది ఉన్నారు. వాళ్లకి కడదామని వచ్చాను. ఈ సినిమా అంతా ఈ ఒక్క దృశ్యం కోసమే.”

“బతికున్నవాళ్ల ఒంటి మీదా?”

“ఇంకెవరి ఒళ్లున్నాయి మావయ్యా మనకి?”

గెన్‌షిచి అడ్డుబల్ల దగ్గర కూర్చున్నాడు. వాడు చెప్పినది వినగానే ఆయనకి కాదనాలనిపించలేదు, అదే ఆయన్ని ఎక్కువ బాధపెట్టింది. కానీ వ్యాపారంలో ఒక సూత్రం ఉంది. సరుకు ఎంత మంచిదైనా, ఒకరి దగ్గర అడ్వాన్సు పుచ్చుకున్నాక దాన్ని ఇంకోళ్లకి ఇవ్వకూడదు.

“నీ మాట అబద్ధం కాదు. అయినా నేను వాళ్లని అడగను. నా తెర మీద ఒట్టు పెట్టాను. నువ్వు నా చెల్లెలి కొడుకువి, వాళ్లు నా వీధి. రెండిట్లో ఏది తెగినా నేను మళ్లీ కుట్టుకోలేను. ఈ దృశ్యం లేకుండానే సినిమా పూర్తి చేసుకో.”

రెయ్‌జి గోడకి జారగిలబడి చాప మీద కూలబడ్డాడు. ఇరియె వచ్చి మబ్బుల గురించి ఏదో చెప్పబోతే చెయ్యి అడ్డం పెట్టాడు. మసె టీ తెచ్చి పెట్టింది, అది చల్లారిపోయింది.

మధ్యాహ్నం ఒక కొత్త కోడలు కిమొనో చూసుకోవడానికి వచ్చింది. దుకాణం ఎలాగూ తెరిచే ఉంది, బోణీ కూడా కాలేదు. మసె ఆ అమ్మాయిని నిలువుటద్దం ముందు నిలబెట్టి, ఎడమ కొంగు పైకి వేసి, నడుంపట్టీ బిగించింది. రెయ్‌జి కూర్చున్నచోటి నుంచి ఆ అమ్మాయి వీపు, అద్దంలో మొహం కనిపిస్తున్నాయి. వాడు ఒక కన్ను మూసుకుని చూశాడు. తర్వాత రెండో కన్ను మూసుకుని చూశాడు. మెల్లిగా లేచాడు.

“మావయ్యా, ఇలా వచ్చి నా చోట్లో కూర్చో.”

“బేరం జరుగుతోందిరా.”

“ఒక్క నిమిషం. మనిషిని చూడకు. అద్దాన్నే చూడు. అందులో ఉన్నావిడ ఇంకెవరో, నీ ఎదురుగా నిలబడిందనుకో.”

గెన్‌షిచి చూశాడు. మొదట ఏమీ కనిపించలేదు. ఆ అద్దం ముందు ఆయన లెక్కలేనంతమందికి కట్టాడు, కట్టించాడు. తర్వాత కనిపించింది. అద్దంలో నిలబడి నవ్వుతున్న ఆ అమ్మాయికి కుడి కొంగు పైన ఉంది. బయట ఎడమది పైకి ఉన్న ప్రతి మనిషీ అద్దంలో పోయినవాళ్ల కట్టుతోనే నిలబడతాడు. అద్దంలో ఉన్నది తానే అనుకుంటాడు కాబట్టి ఎవడికీ అది కంటపడదు.

“ఎవరూ కట్టు మార్చక్కర్లేదు. నేను మనుషుల్ని తియ్యను. అద్దాల్ని తీస్తాను. వీళ్ల ఒంటి మీద వీళ్ల కట్టు ఉంటుంది. అద్దంలో వాళ్ల కట్టు” అన్నాడు రెయ్‌జి.

గెన్‌షిచి చాలాసేపు అద్దం వైపు నుంచి చూపు తిప్పలేదు. జీవితమంతా ఆయన ఒక బేరం కోసం చూశాడు. ఇద్దరు వచ్చి ఒకే సరుకు అడిగితే, ఎవర్నీ ఉత్త చేతులతో పంపకుండా ఇద్దరికీ పూర్తిగా ముట్టే బేరం. అలాంటిది ఉండదని తేల్చుకుని కూడా చాలాకాలమైంది. వ్యాపారానికి పనికిరాడనుకున్న కుర్రాడు దాన్ని చాప మీద కూర్చుని పట్టేశాడు. ఆయనకి ఛాతీలో ఏదో వెచ్చగా నిండింది. అది గర్వమని ఒప్పుకోవడానికి ఇంకా కొంచెం సమయం కావాలి.

అద్దం ఒక్కటి సరిపోదు. మసె, జట్టువాళ్లు కలిసి వీధిలోకి వెళ్లారు. “కట్టు మార్చక్కర్లేదు, గెన్‌షిచి గారు ఒడ్డు దగ్గర వివరం చెప్తారట, మీ అద్దం కాస్త ఇవ్వండి” అని అడిగారు. స్నానాల ఇంటి నుంచి పెద్ద అద్దం వచ్చింది. నాట్యం నేర్పే ఆవిడ తన మడతల అద్దం ఇచ్చింది. నరుమి గోడ అద్దాన్ని మేకులు ఊడదీసి తనే మోసుకొచ్చాడు. “దీనికి గీత పడితే మీవాడి పతకం అమ్మించి కొత్తది పెట్టిస్తాను” అన్నాడు. ముసలివాళ్లు పెట్టెల అడుగున దాచుకున్న చేతి అద్దాలు కూడా పట్టుకొచ్చారు. దేనికో తెలియకపోయినా, పక్కవాడి అద్దం వెళ్తుంటే తమది వెళ్లకపోవడం రేవు వీధిలో జరగదు.

ఒడ్డున, ఆరేసిన వలలకి అవతల అద్దాలు వరసగా నిలబడ్డాయి. వాటిలో ఆకాశం ముక్కలు ముక్కలుగా ఉంది. కెమెరాని జనానికి వీపుపెట్టి, అద్దాల వైపు తిప్పి ఉంచారు. పడమట మబ్బుల మధ్య వెలుగు కొంచెమే మిగిలింది.

“సార్, ఇప్పుడే మొదలెడదాం. అద్దాలు అలంకారం కోసం అనుకుంటున్నారు. చెప్పారంటే మళ్లీ పొద్దుటి గొడవే. చెప్పకపోతే ఎవరికీ తెలియదు కదా” అన్నాడు ఇరియె చిన్నగా.

రెయ్‌జి గెన్‌షిచి వైపు చూశాడు. “మాట ఇచ్చింది మావయ్య. చెప్పడం, చెప్పకపోవడం ఆయన ఇష్టం.”

నోరు మూసుకోవడం తేలిక. వాళ్లు ఒప్పుకున్న కట్టు మారలేదు, నడక మారలేదు. అక్షరాలా చూస్తే మాట తప్పినట్టు కూడా కాదు. కానీ గెన్‌షిచి ఎన్నోసార్లు చూశాడు. గుడ్డలో చిరుగుని మడతలో దాచి అమ్మినవాడు ఆ రోజు గెలుస్తాడు. చిరుగుని వెలుగులో పెట్టి చూపించి అమ్మినవాడి గుమ్మంలోకే జనం మళ్లీ వస్తారు. ఇది ఒక్క రోజుతో అయిపోయే బేరం కాదు. ఈ వీధివాళ్లు పోయాక కూడా సినిమా ఉంటుంది.

ఆయన అద్దాల ముందుకి వెళ్లి నిలబడ్డాడు.

“అందరూ ఒకసారి వినండి. ఇందులో ఒక మెలిక ఉంది. ముందే చెప్తున్నాను. మీ కట్టు ఎవరూ మార్చరు. కానీ కెమెరా మిమ్మల్ని చూడదు, అద్దాల్నే చూస్తుంది. అద్దంలో మీ కొంగు తిరగబడుతుంది. సినిమాలో మీరు పోయినవాళ్ల కట్టుతో కనిపిస్తారు.”

గొణుగుడు మొదలైంది. నరుమి ముందుకొచ్చాడు.

“అంటే పొద్దున వీధి తలుపులోంచి రానివ్వనిదాన్ని, ఇప్పుడు పెరటి తలుపులోంచి తోస్తున్నావన్నమాట.”

“అవును. అదే చేస్తున్నాను. అందుకే ఇటునుంచి తోస్తున్నానని చెప్పి తోస్తున్నాను. ఇష్టం లేనివాళ్లు అద్దం తీసుకుని వెళ్లిపోవచ్చు. తెర దించమంటే దించుతాను.”

“ఎందుకోయ్ ఇదంతా? వాడికింకేం దొరకలేదా తియ్యడానికి?”

గెన్‌షిచి నరుమికి ఎదురుగా వచ్చాడు.

“షినోకి నేను కట్టలేదు నరుమీ. కట్టడానికి నాకు ఏమీ దొరకలేదు. నా దుకాణంలో అన్ని బట్టలుండి, నా చెల్లెలు కట్టు లేకుండా వెళ్లింది. వీడు దానికి కడదామంటున్నాడు. దానికొక్కదానికే కాదు.”

అల ఒకటి వచ్చి వెళ్లింది. వెళ్లిపోదామని అద్దం ఎత్తినవాళ్లు ఎత్తినట్టే పట్టుకుని ఉండిపోయారు.

యసు మామ్మ కర్ర ఊనుకుంటూ వెళ్లి స్నానాల ఇంటి అద్దం ముందు ఆగింది. మొహం దానికి ఆనించేంత దగ్గరగా పెట్టి చూసింది.

“ఇది నేను కాదు. మా పెద్దాడు. ఈ ముక్కు వాడిదే, నా దగ్గర్నుంచి పట్టుకుపోయాడు.” తన కొంగుని చేత్తో సర్దుకుంది. అద్దంలో కుడి కొంగు సర్దుకుంది. “నిటారుగా నిలబడరా. తల్లి వంగిపోయింది గానీ నీకేమైంది?”

ఎవరో నవ్వారు, నవ్వు మధ్యలో తెగిపోయింది.

“ఏం చూస్తున్నారు? నాకెలాగూ తొందర్లో కడతారు. ఒకసారి కొలత చూసుకున్నట్టు ఉంటుంది. రండి రండి, వెలుగు పోతోందని ఆ నల్లకళ్లద్దాలబ్బాయి ఏడుస్తున్నాడు” అంది మామ్మ వెనక్కి తిరక్కుండానే.

ఒక్కొక్కరే కదిలారు. ప్రతివాళ్లూ తమ అద్దం ముందు ఒక క్షణం ఆగి, తెలిసినవాళ్ల కోసం వెతికినట్టు చూసి, నడవాల్సిన చోటికి వెళ్లారు. నరుమి ఒక్కడే మిగిలాడు.

“రెయ్‌జీ” అన్నాడు. ఆ రోజు వాణ్ణి ఆయన పేరు పెట్టి పిలవడం అదే మొదలు. “మా చిట్టిది నా మోకాలి దాకా కూడా వచ్చేది కాదు. అద్దంలో ఇంత మనిషిని కనిపిస్తే దాని లెక్క ఎలా కుదురుతుంది?”

రెయ్‌జి మంగలి అద్దం దగ్గరికి వెళ్లి, ఇసుకని రెండు చేతులతో తవ్వి, అద్దాన్ని సగందాకా లోపలికి దించాడు. కొంచెం కిందికి వంచాడు.

“నరుమి గారూ, ఒకసారి నడిచి చూపించండి.”

నరుమి నడిచాడు. అద్దంలో ఆయన మొహం లేదు, భుజాలు లేవు. కిమొనో అంచు, వేలాడే ఒక చెయ్యి, దాని పక్కన ఖాళీ జాగా కనిపించాయి.

“అమ్మాయి మీకు ఏ పక్కన నడిచేది?”

“ఎడమ పక్కన.”

“అయితే ఆ పక్కకే తిప్పుతాను. చెయ్యి కాస్త కిందికి పెట్టండి. అది అందుకునేంత కిందికి.”

నరుమి చెయ్యి దించాడు. తర్వాత వెళ్లి వరసలో తన చోట నిలబడ్డాడు. ఆయన వేళ్లు కొంచెం ముడుచుకుని ఉన్నాయి, దేన్నో పట్టుకున్నట్టు.

రెయ్‌జి మైకు తీసుకోలేదు, కేకలు వెయ్యలేదు. కెమెరా పక్కన నిలబడి “బయల్దేరదాం” అన్నాడు, అంతే. రేవు వీధి నడిచింది. వేషగాళ్లలా ఒక్క అడుగులో నడవలేదు. ఒకరు ముందు, ఒకరు వెనక. చెప్పుల్లో ఇసుక దూరి ఒకరు ఆగారు. గాలికి ఒకావిడ జుట్టు చెదిరి మొహం మీద పడింది. అద్దాల్లో ఇంకో వీధి నడిచింది. ఆ వీధి అందరికీ తెలిసిన వీధే. కుడి కొంగు పైకి, ఒక్కరిదీ తప్పు లేకుండా కట్టి ఉంది. గెన్‌షిచి ఆఖర్న నడిచాడు. తన దుకాణం అద్దం ముందుకి వచ్చినప్పుడు, ఎన్నడూ చూడని కళ్లతో చూశాడు. షినో నుదురూ తన నుదురూ ఒకటేనని చిన్నప్పుడు అందరూ అనేవారు. అది నిజమే. కట్టు చక్కగా కుదిరింది. వ్యాపారస్తుడి కన్నుతో చూసినా వంక పెట్టడానికి లేదు.

దూరంగా జలసంధి దాటే ఓడ కూత వేసింది. రెయ్‌జి చెయ్యి ఎత్తాడు. కెమెరా ఆగింది.

“సార్, జాగ్రత్త కోసం ఇంకొక్కసారి తీద్దాం. వెలుగు ఇంకా కొంచెం ఉంది” అన్నాడు ఇరియె.

“వద్దు. పోయినవాళ్లకి రెండుసార్లు కట్టరు” అన్నాడు రెయ్‌జి.

ఇరియె కళ్లద్దాలు తీసి, తల వంచి, కెమెరా మూత పెట్టేశాడు.

అప్పుడు గెన్‌షిచి మనసులో లెక్క తేలింది. ఎక్కడ మొదలుపెట్టాలో చాలామందికి తెలుసు. బేరం ఎక్కడ ముగిసిందో తెలిసి లేచి నిలబడేవాడే అసలైన పనివాడు. తన తాత అలాంటివాడు. తను కొంతవరకు. వీడు పూర్తిగా. ఇన్నాళ్లు వీణ్ణి ఏ అరలో పెట్టాలా అని చూశాడు, దుకాణంలో ఆ అర లేదు. అది దుకాణం తప్పు.

రెయ్‌జి వీధి జనం ముందుకి వచ్చి, మోకాళ్ల మీద కూర్చుని, నుదురు ఇసుకకి తాకేదాకా వంగాడు. యసు మామ్మ కర్రతో వాడి భుజం మీద తట్టి, “లే నాయనా, జలుబు చేస్తుంది. మా ఇంటికి రా, వేడి తోఫు తిందువుగాని. ఇంత సన్నగా ఉంటే పతకం ఎక్కడ తగిలించుకుంటావు?” అంది.

తిరుగు దారిలో అద్దాలన్నీ వీధి ఎక్కాయి. గెన్‌షిచి తన నిలువుటద్దాన్ని ఒక చివర పట్టుకుంటే, రెండో చివర పట్టాల్సిన మేనల్లుణ్ణి మామ్మ అప్పటికే లాక్కుపోయింది. పెట్టె మోసుకుంటూ ఓడ దిగి వస్తున్న ఒసాకా బట్టల టోకు వ్యాపారి ఒకాయన, ఏటా సరుకుతో వచ్చే మనిషి, వీధంతా పండగ బట్టల్లో అద్దాలు మోసుకుపోవడం చూసి నిలబడిపోయాడు.

“ఒసనై గారూ, ఏమిటిది? ఇళ్లు మారుతున్నారా అందరూ?”

“సినిమా అండి. మా వీధి సినిమా.”

“ఓహో. ఎవరు తీస్తున్నారు?”

“మికమి రెయ్‌జి. నా చెల్లెలు షినో కొడుకు.” ఆ వాక్యం నోటి నుంచి ఎంత తేలిగ్గా వచ్చిందో ఆయనకే ఆశ్చర్యమనిపించింది. మళ్లీ అన్నాడు. “నా మేనల్లుడు.”

“ఆడుతుందంటారా?”

గెన్‌షిచి అద్దాన్ని భుజానికి ఆనించుకున్నాడు. ఎదుటివాడు వ్యాపారి. సరుకు గురించి అబద్ధం చెప్పకూడదు.

“ఆడదండి. ఎక్కడా ఆడదు. కానీ వెలిసిపోదు. నేను బట్ట పట్టుకుని చెప్పిన మాట ఎప్పుడైనా తప్పిందా?”

“లేదు” అన్నాడు ఒసాకా ఆయన.

“అయితే ఆ పెట్టె కింద పెట్టి, కాస్త ఈ రెండో చివర పట్టుకోండి. నెమ్మదిగా. గడప దగ్గర జాగ్రత్త.”